కుడికాలి సంచి

ఒక జాతి గొప్పతనాన్ని దాని కోటల్లో, కావ్యాల్లో, విగ్రహాల్లో వెతికేవాళ్ళు వెతుక్కోవచ్చు. నేను మాత్రం అది బజారుకు పట్టుకెళ్ళే సంచిలోనే ఉందని ఈ సందర్భంగా ప్రకటిస్తున్నాను. కోటలు కూలాయి. కావ్యాలకు పరీక్షలప్పుడు తప్ప గిరాకీ లేదు. విగ్రహాల మీద పిట్టలు తమ అభిప్రాయాలు తాము వెలిబుచ్చుతూనే ఉన్నాయి. సంచి ఒక్కటే ఉల్లిపాయల బరువు మోస్తూ, అడుగున చిల్లు పడినా ఎవరికీ చెప్పుకోకుండా, ఇన్ని వందల ఏళ్ళుగా మనిషి చేతికి వేలాడుతోంది.

మీ వంటింటి తలుపు వెనక్కి ఒకసారి చూడండి. మేకుకు ఒక సంచి ఉంటుంది. దాని నిండా సంచులుంటాయి. ఆ సంచుల్లోనూ సంచులుంటాయి. అన్నిటికన్నా అడుగున ఏముందో ఆ ఇంట్లో పుట్టి పెరిగినవాళ్ళు కూడా చూసి ఉండరు. ఇలా పెట్టమని ఏ చట్టమూ చెప్పలేదు, ఏ అధికారీ తనిఖీకి రాలేదు, ఎవరూ ఎవరికీ శిక్షణ ఇవ్వలేదు. అయినా ప్రతి ఇంట్లోనూ ఒకే పద్ధతిలో అమలవుతోంది. (ఇంత సవ్యంగా అమలవుతున్న పథకం మరొకటి ఉంటే తెలియజేయగలరు.) అలాంటి పద్ధతి ఇంటి గడప దాటి ఆఫీసులో అడుగుపెడితే ఏమవుతుందో చెప్పడానికే ఈ నాలుగు ముక్కలూ రాస్తున్నాను. ఇందులో నా తప్పు కూడా కొంత ఉంది. సమయం వచ్చినప్పుడు ఒప్పుకుంటాను.

మా వీధి చివర వినియోగదారుల సహకార భాండారం ఉంది. సబ్బు దగ్గర్నుంచి చీపురు దాకా అన్నీ దొరుకుతాయి. దాని నిబంధనల్లో ఏడోది ముఖ్యమైనది: "బయటి సంచులు లోపలికి తేరాదు." కారణం తేటతెల్లం. సంచి ఉన్నవాడు సరుకు అందులో వేసుకుని పోయే ప్రమాదం ఉంది. కొనడానికి వచ్చేవాళ్ళు సంచితోనే వస్తారు కాబట్టి, కొనడానికి వచ్చే ప్రతివాడూ అనుమానితుడే. సంచి లేకుండా వచ్చేవాడు నిజాయితీపరుడు. కాకపోతే అతను ఏమీ కొనడు. భాండారానికి ఈ నిజాయితీపరులంటే ఎంతో గౌరవం.

అనుమానితుల సౌకర్యార్థం గుమ్మం పక్కనే 'సంచుల స్వీకరణ, భద్రత, పునరప్పగింత విభాగం' పెట్టారు. విభాగం అంటే ఒక బల్ల, ఇరవై నాలుగు అరల చెక్క బీరువా, రెండు వందల ఇత్తడి టోకెన్లు, ఒక మనిషి. ఆ మనిషిని అందరూ మడతాయన అంటారు. ఆయన చేతిలో పడ్డ గుడ్డ ఏదైనా నాలుగు మడతలై తీరుతుంది. బల్ల తుడిచే గుడ్డ కూడా ఇస్త్రీ చేసినట్టే ఉంటుంది. అంత నికార్సైన ఉద్యోగిని నేను చూడలేదు. జరిగిందంతా ఆ నికార్సుతనం వల్లే జరిగింది.

అరలు ఇరవై నాలుగు, టోకెన్లు రెండు వందలు. ఈ తేడా గురించి మడతాయన పై ఆఫీసుకు మూడు లేఖలు రాశాడు. మూడింటికీ "మీ లేఖ అందినది" అని జవాబు వచ్చింది. (అందడమే గొప్ప అని ఆయన సంతోషించాడు.) చివరికి, ఇంట్లో భార్య ఏం చేస్తుందో ఆఫీసులోనూ అదే చేశాడు. ఖాళీ సంచులన్నీ మడతపెట్టి ఒక పెద్ద సంచిలో పెట్టాడు. ఎవరైనా టోకెను ఇస్తే జిప్పు లాగి, చెయ్యి లోపల పెట్టి తడిమి, చూడకుండానే వాళ్ళ సంచి వాళ్ళకు తీసిచ్చేవాడు. ఎనిమిదేళ్ళు ఒక్క పొరపాటు లేదు. బజారుకు వచ్చినవాళ్ళు భాండారంలో పని లేకపోయినా ఆయన దగ్గర సంచి పడేసి, ఊరంతా తిరిగొచ్చి తీసుకునేవాళ్ళు.

ఆ పెద్ద సంచి సంగతి కూడా చెప్పాలి. ఎరుపూ నీలం గళ్ళు, రెండు పిడులు, పొడుగాటి జిప్పు, పక్కన మూత లేని ఒక బయటి జేబు. భాండారం ప్రారంభోత్సవం నాడు అప్పటి మేనేజరు, ప్రజలకు ఆదర్శంగా ఉండాలని, తన ఇంటి సంచినే మొట్టమొదట బల్ల మీద పెట్టి ఒకటో నంబరు టోకెను తీసుకున్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. ఆ టోకెనుకు పటం కట్టించి తన గదిలో గోడకు తగిలించాడు. ముందు గుమ్మంలోంచి వచ్చి వెనక గుమ్మంలోంచి వెళ్ళే హోదా కాబట్టి ఆ సాయంత్రమే సంచి మాట మర్చిపోయాడు. తర్వాత రిటైరయ్యాడు. సంచి మాత్రం రిటైరవకుండా మిగతా సంచులకు ఆశ్రయమిస్తూ వచ్చింది.

ఇక మా అత్తయ్య. మా నాన్నకు చెల్లెలు. పదో ఏట నుంచి నన్ను పెంచిన మనిషి. బడిలో ముప్ఫై ఏళ్ళు కుట్టు టీచరుగా చేసింది. మామయ్య బస్సు కండక్టరు. ఆయన పోయాక ఆయన ఖాకీ ప్యాంటు ఒకటి ఎవరికీ ఇవ్వబుద్ధి కాక, పెట్టెలో పెట్టబుద్ధీ కాక, రెండు నెలలు కుర్చీ మీదే ఉంచింది. ఒకరోజు కత్తెర తీసింది. కుడికాలు ఒక సంచి అయింది, ఎడమకాలు ఇంకొకటి. నడుము పట్టీ తెగి రెండింటికీ పిడులైంది. కూరగాయలకు కుడికాలు, సబ్బులకూ పంచదారకూ ఎడమకాలు. జేబులు ఎక్కడివక్కడే ఉంచేసింది. కొనాల్సినవాటి చీటీ కుడి జేబులో పెట్టుకునేది.

కొత్త సంచి కొనిస్తానని నేను ఒకసారి అన్నాను.

"పెళ్ళయిన దగ్గర్నుంచీ ఆయన లేకుండా బజారుకి వెళ్ళలేదురా," అంది అత్తయ్య. "ఇప్పుడు మాత్రం ఎందుకెళ్ళాలి?"



ఒక గురువారం పొద్దున పదకొండింటికి అత్తయ్య కుడికాలిని బల్ల మీద పెట్టి, నలభై ఒకటో నంబరు టోకెను తీసుకుని లోపలికి వెళ్ళింది. పదకొండు ఇరవైకి, ఆవిడ ఉల్లిపాయలు ఏరుకుంటుండగా, పై ఆఫీసు నుంచి సర్క్యులరు వచ్చింది. వేరే శాఖలో ఎవరో ఒకాయన, తను లేనప్పుడు తన సంచి తెరిచారనీ, బిస్కెట్ల పొట్లంలో రెండు తగ్గాయనీ ఫిర్యాదు చేశాడట. అందుకని: "ఇకమీదట ఏ సంచినీ దాని యజమాని సమక్షంలో తప్ప తెరవరాదు. ఈ ఉత్తర్వు అందిన క్షణం నుంచే అమలులోకి వచ్చును." అందిన క్షణం ఏదో మడతాయన గడియారంలో చూసి రాసుకున్నాడు. గళ్ళ సంచి జిప్పు మూశాడు. అప్పటికి అందులో అరవై మూడు సంచులున్నాయి.

అత్తయ్య బిల్లూ, ఉల్లిపాయలూ, బంగాళాదుంపలూ చేతుల్లో పెట్టుకుని వచ్చి టోకెను బల్ల మీద పెట్టింది.

"మీ సంచి ఎక్కడికీ పోలేదమ్మా," అన్నాడు మడతాయన, ఆవిడ ఏమీ అడగకముందే. "ఇక్కడే ఉంది. గళ్ళ సంచిలో."

"తియ్యి మరి."

"తియ్యాలంటే గళ్ళ సంచి తెరవాలి. గళ్ళ సంచి మీది కాదు."

"నీదా?"

"నాదీ కాదమ్మా."

"మరి నాది అందులో ఎలా పెట్టావు నాయనా?"

"అప్పుడు రూలు లేదు టీచరుగారూ. వచ్చి పావుగంటే అయింది."

అత్తయ్య వెనకాల క్యూ పెరిగింది. ఒకాయన అరిచాడు, ఒకావిడ శాపనార్థాలు పెట్టింది, ఇంకొకాయన తన సంచి పిడి జిప్పు దగ్గర కొంచెం బయటికి కనిపిస్తోందని దాన్నే పట్టుకు లాగబోయాడు. మడతాయన ఆ పిడిని మెల్లిగా లోపలికి తోసి, జిప్పు సరిచేశాడు. అత్తయ్య సరుకులు గుండెకు హత్తుకుని ఇంటికి వచ్చింది. దారిలో మూడు ఉల్లిపాయలు పడిపోయాయి. గుమ్మంలో నన్ను చూసి అన్న మొదటి మాట: "మీ మామయ్యని ఆఫీసులో కూర్చోబెట్టారురా."

నేను పత్రికలకు ఏదో ఒకటి రాసుకునేవాణ్ణి. దరఖాస్తులంటే నాకు చెయ్యి తిరిగిన పని అని మా ఇంట్లో ఒక అపోహ ఉంది. మర్నాడు అత్తయ్యను వెంటబెట్టుకుని కొత్త మేనేజరు దగ్గరికి వెళ్ళాను. ఆయన కుర్చీ వెనక గోడ మీద ఒకటో నంబరు టోకెను పటంలో మెరుస్తోంది.

"టోకెను తమ దగ్గరే ఉంది కదా సార్," అన్నాను. "దాన్ని ఇచ్చి సంచి తెరిపించొచ్చు."

"ఎవరివ్వాలి? టోకెను ఎవరి దగ్గరుంటే వాళ్ళే యజమాని. అది నా దగ్గర లేదండీ, గోడ దగ్గర ఉంది."

"అయితే గోడ యజమానా?"

"ఆ కోణంలోనే పై ఆఫీసుకు రాశాం," అన్నాడాయన చాలా మర్యాదగా, "మీలాగే ఆలోచించి."

ఆపైన ఒక ఫారం ఇచ్చాడు. సంచి పొడవు, వెడల్పు, పిడి పొడవు, మోసిన అత్యధిక బరువు, పుట్టుమచ్చలు. (పుట్టుమచ్చల గడి వేరే ఫారంలోంచి వచ్చి చేరిందని, ఖాళీగా వదిలితే మాత్రం దరఖాస్తు చెల్లదని కింద చిన్న అక్షరాల్లో ఉంది. అత్తయ్య "ఒక సిరా మరక" అని రాసింది.) 'వస్తువుతో దరఖాస్తుదారుకు గల సంబంధం' అన్నచోట ఏమాత్రం తడుముకోకుండా 'భార్య' అని రాసింది. నేను కొట్టేయించి 'యజమాని' అని రాయించాను. అది నా మొదటి తప్పు. రెండోది వెంటనే చేశాను.

మేనేజరు ఫారం చదివి పెదవి విరిచాడు. "ఖాకీ గుడ్డ ఎవరికైనా ఉంటుందమ్మా. ఇది మీదే అనడానికి ఆధారం కావాలి."

"ఆధారం ఉంది సార్," అన్నాను నేను, నా తెలివికి నేనే మురిసిపోతూ. "దీని జత ఇంట్లో ఉంది. ఎడమకాలు. అదే గుడ్డ, అదే దారం, అదే చేతి కుట్టు. తెచ్చి పక్కన పెడితే ఇంక మాటే లేదు."

ఆయన మొహం వెలిగిపోయింది. "అలా చెప్పారు కాదూ! రేపు తీసుకురండి."

రేపు తీసుకెళ్ళాం. మేనేజరు గది భాండారం లోపల ఉంది కాబట్టి ఎడమకాలు ఏడో నిబంధన కిందికి వచ్చింది. మేనేజరే బయటికి వచ్చి, బల్ల మీద ఎడమకాలిని పరిచి, టేపు పెట్టి కొలిచి, కుట్లు లెక్కపెట్టి, దరఖాస్తు మీద 'సరిపోయినది' అని రాశాడు. అత్తయ్య చెయ్యి చాపింది.

"ఆగండమ్మా. ఆధారాన్ని వివాదంలో ఉన్న వస్తువుతో కలిపే భద్రపరచాలి. వివాదం తేలేదాకా."

"అదేంటండీ! ఒకటి ఇవ్వమని వస్తే రెండోది కూడా తీసుకుంటారా?"

"తీసుకోవడం కాదు, భద్రపరచడం. తీసుకుంటే రశీదు ఇస్తాం. భద్రపరిస్తే రశీదు ఉండదు."

గళ్ళ సంచి తెరవకూడదు. కానీ దాని బయటి జేబుకు మూత లేదు. మూత లేనిదాన్ని తెరవడం అనే ప్రశ్నే రాదు. మడతాయన ఎడమకాలిని నాలుగు మడతలు పెట్టి అందులో పెట్టాడు. మేనేజరు పైన కాగితం అంటించి లక్క ముద్ర వేశాడు. కుడికాలికీ ఎడమకాలికీ మధ్య ఇప్పుడు ఒక్క గుడ్డ పొర ఉంది. నేను అత్తయ్య మొహం చూడలేకపోయాను. ఆ సలహా ఇచ్చిన నోరు నాదే, సిగ్గుతో చచ్చిపోయాను.

"పోనీలేరా," అంది అత్తయ్య దారిలో. "కనీసం పక్కపక్కన ఉన్నారు." ఆయన ఒక్కడే అయినా ఆవిడ 'ఉన్నారు' అన్నది గౌరవానికో, రెండు కాళ్ళనూ కలిపి లెక్కకట్టో నేను అడగలేదు.

ఇక మిగిలింది పాత మేనేజరు. ఆదివారం ఆయన ఇల్లు వెతుక్కుంటూ వెళ్ళాం. వరండాలో పేపరు చదువుతున్నాడు. విషయం చెప్పగానే పేపరు ఇంకాస్త పైకెత్తాడు.

"నాకు సంచి లేదు," అన్నాడు పేపరు వెనకనుంచి.

లోపల్నుంచి ఆయన భార్య తడిచేతులతో పరుగున వచ్చింది. "గళ్ళ సంచా? ఎరుపూ నీలమూనా? ఏవండీ, తొమ్మిదేళ్ళ నుంచి నేను వెతకని చోటు లేదు! మా చెల్లెలే పట్టుకుపోయిందని దాంతో మాటలు కూడా మానేశాను కదండీ!"

"నీకూ లేదు," అన్నాడాయన.

తర్వాత పేపరు దించి, అత్తయ్యతో నెమ్మదిగా చెప్పాడు. "చూడండమ్మా. దిగిపోయేరోజున 'భాండారంలో నా సొంత వస్తువులేవీ లేవు' అని సంతకం పెట్టి వచ్చాను. ఇప్పుడు సంచి నాదంటే ఆ సంతకం అబద్ధమవుతుంది. ఒక సంతకం అబద్ధమని తేలినవాడి మిగతా సంతకాలు కూడా తిరగేస్తారు. ముప్ఫై రెండేళ్ళ సంతకాలు. ఎక్కడ ఏం పెట్టానో నాకే గుర్తులేదు."

"ఒక్క జిప్పు తియ్యమని చెప్పడానికి ఇంత భయమా అన్నయ్యగారూ?"

"భయం కాదమ్మా. అనుభవం."

ఆయన భార్య కాఫీ ఇచ్చింది. గేటు దాకా వచ్చి అత్తయ్య చేతులు పట్టుకుని, "ఈ పూటే చెల్లెలికి ఫోన్ చేస్తానండీ," అంది కళ్ళు తుడుచుకుంటూ. ఈ వ్యవహారం మొత్తంలో ఎవరికైనా మేలు జరిగిందంటే, నాకు తెలిసి, ఆ అక్కాచెల్లెళ్ళకే.

ఆ తర్వాత నాలుగు నెలలు కాళ్ళరిగేలా తిరిగాం. అయిదో నెలలో పై ఆఫీసు ఒక దారి చూపింది. గళ్ళ సంచి యజమాని దొరకని పక్షంలో, లోపలి సంచుల యజమానులందరూ ఒకేచోట కూడి, ఏకగ్రీవంగా ఒప్పుకుంటే జిప్పు తీయవచ్చు. అరవై మూడు మందికీ నోటీసులు వెళ్ళాయి. నోటీసు చివర్లో, "తమ సంచిని ఇంటికి తీసుకువెళ్ళుటకు తగిన సంచితో రావలెను" అని ఉంది.

అందరూ తగిన సంచులతో వచ్చారు. సమావేశం భాండారం లోపలి హాల్లో. గుమ్మం దగ్గర ఏడో నిబంధన. సంచులన్నీ బల్ల మీదికి చేరాయి. అరలు ఇరవై నాలుగు. మడతాయన నుదురు తుడుచుకుని, ఆ తుడుచుకున్న గుడ్డను మడతపెట్టి, మిగిలిన సంచుల్ని, వచ్చినవాటిలోకల్లా పెద్దదైన ఒక నీలం సంచిలో సర్దాడు. నీలం సంచి ఆసామిని పిలిచి, ఆయన ఎదుటే తెరిచి, ఆయన ఎదుటే మూశాడు. కాబట్టి రూలు ఎక్కడా తప్పలేదు. అత్తయ్య ఒక్కతే ఖాళీ చేతులతో వచ్చింది. రెండు కాళ్ళూ అప్పటికే లోపలున్నాయి.

హాల్లో రెండు గంటలు చర్చ జరిగింది. లెక్కపెడితే అరవై రెండు మంది తేలారు. ఒకాయన ఊరు మారి వెళ్ళిపోయాడట, చిరునామా లేదు. ఏకగ్రీవానికి ఒకటి తక్కువైంది కాబట్టి సమావేశం వాయిదా పడింది. అందరూ ఉసూరుమంటూ బయటికి వచ్చి తమ కొత్త సంచులు అడిగారు. నీలం సంచి ఆసామి, బస్సు తప్పిపోతుందని మధ్యలోనే లేచి వెళ్ళిపోయాడు. టోకెను ఆయన జేబులో ఉంది. మడతాయన సర్క్యులరు వైపు చేత్తో చూపించి తలదించుకున్నాడు.

జనం తిట్టాల్సినవన్నీ తిట్టి వెళ్ళిపోయాక అత్తయ్య బల్ల దగ్గరికి వెళ్ళింది.

"బాబూ, నేను నిన్నేమీ అనను. ఒక్కసారి జిప్పు లాగు. నాది పైనే ఉంటుంది, ఆఖర్న పెట్టావు కదా. ఇంకెవరూ లేరు. ఎవరూ చూడరు."

మడతాయన చెయ్యి జిప్పు దాకా వెళ్ళింది. అక్కడే ఆగింది.

"నేను చూస్తానమ్మా," అన్నాడు.

ఆయన కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. కోపం తెచ్చుకుందామని నేను ఎంతో ప్రయత్నించాను, కుదరలేదు. అలాంటివాణ్ణి తిట్టడానికి కూడా మనకు మాటలు లేవు.

ఎనిమిదో నెలలో, ఫిర్యాదుల రిజిస్టరు నిండి రెండోది తెరవబోతుండగా, పై ఆఫీసు నుంచి సంచుల సమన్వయాధికారి స్వయంగా కారులో వచ్చాడు. (అలాంటి పదవి ఉందని ఆయన వచ్చాకే అందరికీ తెలిసింది. తనకూ ఆ వారమే తెలిసిందని ఆయన నవ్వుతూ చెప్పాడు.) గళ్ళ సంచి చుట్టూ చేతులు వెనక్కి కట్టుకుని రెండుసార్లు తిరిగాడు.

"ఎన్నాళ్ళైంది ఇది తెరిచి?"

"ఎనిమిది నెలలు సార్," అన్నాడు మేనేజరు.

"రోజుకు ఎంతమంది వస్తున్నారు?"

"నలభై, యాభై మంది వస్తున్నారు సార్, అడగడానికి."

"అడగడానికి అని ఎందుకు రాస్తారు? చూడ్డానికి అని రాయండి."

మేనేజరు నోరెళ్ళబెట్టాడు. ఒక మాట మార్చడంతో ఎనిమిది నెలల చిక్కుముడి విడిపోవడం ఆయన ఉద్యోగ జీవితంలో అదే మొదటిసారి. పరిపాలనా శాస్త్రంలో దీన్ని మించిన సూత్రం లేదని నేను కూడా ఒప్పుకుంటాను. తీరని సమస్య ఒక నెల ఉంటే ఫిర్యాదు, ఒక ఏడాది ఉంటే ఆనవాయితీ, ఇంకా ఉంటే సంస్కృతి. ఫిర్యాదుకు జవాబు చెప్పాలి. సంస్కృతికి దుమ్ము దులిపితే చాలు.

పదిహేను రోజుల్లో గళ్ళ సంచికి అద్దాల పెట్టె వచ్చింది. లోపల ఒక చిన్న బల్బు. కింద పలక: "గళ్ళ సంచి. మిశ్రమ వస్త్రం. ఇందులో అరవై మూడు సంచులు ఉన్నట్టు పెద్దలు చెబుతారు. తాకరాదు." ప్రారంభోత్సవంలో సమన్వయాధికారి ముప్పావుగంట మాట్లాడాడు. సంచిలో సంచి అన్నది మన ఇళ్ళలో అనాదిగా ఉన్న జీవన విధానమనీ, ఒకరిలో ఒకరు ఒదిగి ఉండటమే దాని సారమనీ, దాన్ని ఒక ప్రభుత్వోద్యోగి గుర్తించి భద్రపరచడం గర్వకారణమనీ అన్నాడు. మడతాయనకు ప్రశంసాపత్రం ఇచ్చారు. ఆయన అక్కడికక్కడే దాన్ని నాలుగు మడతలు పెట్టాడు. నిన్నటిదాకా శాపనార్థాలు పెట్టిన ఒకావిడ తన చుట్టాలకు అద్దంలోంచి చూపిస్తూ, "మాది అడుగునుంచి మూడోది," అని చెప్పడం నేను చెవులారా విన్నాను. పాత మేనేజరు కూడా వచ్చి వెనక వరసలో కూర్చున్నాడు. సంచి తనదని ఒక్కరితో కూడా అనలేదు, కానీ జిప్పు దగ్గర చిన్న అతుకు ఎలా పడిందో పక్కాయనకు వివరంగా చెప్పాడు.

మిగతావాళ్ళందరూ కొత్త సంచులు కొనుక్కున్నారు. ఊరి మీద సంచులకేం కరువు లేదు. అత్తయ్య మాత్రం కొనలేదు. గురువారం బజారుకు నేను వెంట వెళ్తున్నాను. సరుకులు నా చేతుల్లోనే. సగం దారిలో చేతులు పీకుతాయి.

"నువ్వు గబగబా నడిచేస్తావురా," అంది అత్తయ్య ఒకరోజు. "ఆయన మలుపు దగ్గర ఆగేవారు."

అప్పట్నుంచి నేను ప్రతి మలుపు దగ్గరా ఆగుతున్నాను. ఆవిడ వచ్చి పక్కన నిలబడి, మళ్ళీ నడుస్తుంది. నా ఆగడం ఆయన ఆగడంలా లేదని నాకు తెలుస్తూనే ఉంది.

బజారయ్యాక భాండారానికి వెళ్తాం. అత్తయ్య అద్దాల పెట్టె ముందు అయిదు నిమిషాలు నిలబడుతుంది. మడతాయన పెట్టెను కొంచెం తిప్పి పెట్టాడు. బయటి జేబు మీది లక్క ముద్ర వదులై, ఎడమకాలి పిడి ఒక అంగుళం పైకి కనిపిస్తుంది ఇప్పుడు. అది కావాలనే తిప్పాడని నా అనుమానం. అడిగితే ఒప్పుకోవాల్సి వస్తుందని అడగలేదు. "రోజూ దుమ్ము దులుపుతున్నాను టీచరుగారూ," అని మాత్రం అంటాడు. "మంచిది నాయనా," అంటుంది అత్తయ్య.

తెరవబోయిన రెండో ఫిర్యాదుల రిజిస్టరును పారెయ్యకుండా, అట్ట మీద కాగితం అంటించి 'సందర్శకుల పుస్తకం' అని రాశారు. పెట్టె పక్కనే దారంతో కట్టిన పెన్నుతో సహా పెట్టారు. పోయిన నెల మొదటి గురువారం అత్తయ్య కళ్ళజోడు పెట్టుకుని, బడిలో నోటుబుక్కులు దిద్దిన అక్షరాలతో, 'అభిప్రాయం' అన్నచోట ఇలా రాసింది: "మా ఆయన బాగానే ఉన్నారు. లోపల కొంచెం ఇరుకుగా ఉన్నట్టుంది. వీలైతే ఇంటికి పంపించగలరు."

నేను పక్కనే ఉన్నాను. ఏం రాసిందో చదివాను.

తర్వాతి గురువారం వెళ్ళి చూస్తే, మొదటి వాక్యం కింద మేనేజరు ఎర్ర సిరాతో గీత గీసి, పక్కన 'సంతోషం' అని రాసి సంతకం పెట్టి ఉన్నాడు. భాండారం ఆ నెల పై ఆఫీసుకు పంపిన నివేదికలో, సంతృప్తి చెందిన కుటుంబాలు: ఒకటి.